గంగక్క కట్టిన తాడు

టేకులపల్లి అడవి అంచు కోయగూడెంలో గంగక్క నోటికి జడవనివాళ్లు లేరు. పందొమ్మిది వందల ఎనభై నాలుగు ఎండాకాలంలో, అప్పు కట్టలేదని బ్యాంకు ఆఫీసరు ఆమె మొగుడు పగిడయ్య ఎడ్లజతను జప్తు చేయించి తోలుకుపోయాడు. పగిడయ్య మంచం పట్టాడు. గంగక్క మాత్రం కొంగు బిగించి ఇల్లందు కోర్టుకెక్కింది.

"అప్పు ఎగ్గొడతమంటలేం దొరా. ఎడ్లు లేకుంటే దున్నేదెట్ల? దున్నకుంటే కట్టేదెట్ల?" అంది.

సేద్యపు ఎడ్లను జప్తు చెయ్యకూడదనీ, తీసుకుపోయినవాళ్లే తెచ్చి అప్పగించాలనీ, పంట చేతికొచ్చాక బాకీ వాయిదాల్లో కట్టించుకోవాలనీ జడ్జిగారు తీర్పు చెప్పారు.

ఎడ్లు తిరిగొచ్చిన రోజు భూమి పండుగ. విత్తనం వేసేముందు వచ్చే ఆ పండుగకు మగవాళ్లు వేటకు పోతారు. ఆడవాళ్లు బాటకు అడ్డంగా తాడు కట్టి, వచ్చేపోయేవాళ్ల దగ్గర పండుగ పైసలు వసూలు చేస్తారు. ఎడ్లను అదిలించలేక చెమటలు కక్కుతూ వచ్చిన ఆఫీసరుకు సరిగ్గా ఆ తాడే ఎదురైంది.

గంగక్క ఎడ్ల గంగడోళ్లు నిమిరి, తాడు దించి వాటిని ఇవతలికి తోలుకుంది. వెంటనే తాడు మళ్లీ బిగించింది.

"పండుగ పైసలియ్యి సారూ."

ఆయన జేబులు తడుముకున్నాడు. "బస్సు కిరాయి పోను ఒక్క రూపాయే ఉందమ్మా."

గంగక్క ఆ రూపాయి అందుకుని తాడు వదులు చేసింది.

"మిగిలింది వాయిదాలల్ల కట్టు సారూ. నీ చెప్పులు జప్తు చెయ్యంలే!"