తప్పు వేసిన పేజీలోనే

ఎడిటర్ గారు పోయారని కళ్ళు తుడుచుకున్నవాళ్ళను అడుగుతున్నాను. చివరి మూడు నెలలూ ఆయన మనల్ని అడిగిన ఒకే ఒక్క పని ఏమిటో మీలో ఎవరికైనా గుర్తుందా?

మంగళవారం పొద్దున, ఇక్కడ దోహాలో, అల్ సద్‌లో కొడుకు ఫ్లాట్‌లో, టీ తాగుతూ తాగుతూనే ఆయన వెళ్ళిపోయారు. తొంభై దాటిన ప్రాణం. తెల్లదొరల కాలంలో కృష్ణా జిల్లాలో వారపత్రిక నడిపి, మద్రాసు శాసనసభలో కూర్చుని, చివరికి పత్రిక మూయించుకుని జైలుకెళ్ళిన మనిషి. నిన్న గురువారం సంతాపసభలో ఇవన్నీ మైకులో చెప్పారు. ఒక పెద్దమనిషి లేచి, "ఆయన జీవితంలో మచ్చ అన్నది లేదు" అన్నాడు. చప్పట్లు మోగాయి. 

ఆ మచ్చ ఎక్కడుందో ఆయనే నాకు చూపించారు.

నేను ఏసీ మెకానిక్కుని. ఎనిమిదో తరగతితో బడి మానేసి, బైబిలు వాక్యం చదివి చదివి అక్షరం నేర్చుకున్నవాణ్ణి. మన సంఘం కోసం ఈ పత్రికను చేత్తో రాసి, జిరాక్సు తీసి పంచుతాను. అల్ దోహా అల్ జదీదాలో మన ప్రార్థన ఫ్లాట్‌కి ఆయన ప్రతి శుక్రవారం వచ్చేవారు. "మారుమనస్సు కోసం కాదయ్యా, తెలుగు వినపడుతుందని" అనేవారు. నా పత్రిక మీద భూతద్దం పెట్టి, ఎర్ర పెన్ను తీసేవారు. "ఏమయ్యా బోధకుడా, ఈ వాక్యంలో దేవుడున్నాడు గానీ అర్థం లేదు."

ఆయన్ని చెయ్యి పట్టుకుని తీసుకొచ్చేది మేస్త్రీ మల్లేశం. కరీంనగర్ వైపు మనిషి. ఆ అల్ సద్ బిల్డింగులో ప్లాస్టరింగ్ పనికొచ్చి, తెలుగు మాట విని ఆగాడట. అప్పటినుంచి సెలవు రోజున లేబర్ క్యాంపు నుంచి వచ్చి, ఇండియా నుంచి వారం ఆలస్యంగా చేరే తెలుగు పేపరు ఆయనకు చదివి వినిపించేవాడు. మన పాటలు అయ్యేదాకా బయట మెట్ల మీద కూర్చునేవాడు.

నాలుగు నెలల కింద మన ప్రార్థన ఫ్లాట్ ఉన్న బిల్డింగు ఓనరు వచ్చి, ఇక ఇక్కడ గుమిగూడవద్దన్నాడు. అంతకు ముందు వారం మల్లేశం మెట్ల దగ్గర ఆ ఓనరుతో అరబ్బీలో మాట్లాడుతుంటే మనవాళ్ళిద్దరు చూశారు. అంతే సాక్ష్యం. బైబిల్లో నాబోతు మీద కూడా ఇద్దరే అబద్ధం చెప్పారు, ఇద్దరి మాట మీదే అతన్ని రాళ్ళతో కొట్టారు. నేను అదే పని చేశాను. మొదటి పేజీలో, పెద్ద అక్షరాలతో, ఏసుని పట్టించిన శిష్యుడితో పోల్చి, 'మన మధ్య తిరిగిన యూదా' అని మల్లేశం పేరు పెట్టి రాశాను. నా జన్మలో అంత మెచ్చుకోలు ఎరగను. మీరు కాపీలు తీసి క్యాంపుల దాకా మోశారు.

రెండు వారాలకి వాచ్‌మన్ నాకు నిజం చెప్పాడు. గుమ్మం ముందు మెట్ల మీద మనం విడిచిన చెప్పుల కుప్ప మీద పై అంతస్తు పిల్లవాడు జారిపడి పన్ను విరగ్గొట్టుకున్నాడు. తండ్రి వెళ్ళి ఓనరుకి చెప్పాడు. మనల్ని పట్టించినవి మన చెప్పులు.

నేను ఎడిటర్ గారికి ఒక్కరికే చెప్పాను.  ఆయన తన కథ చెప్పారు.

ముప్పై ఆరులో, జమీందారీ వ్యతిరేక పోరాటం రోజుల్లో, వాలంటీర్ల జాడ పోలీసులకు చెప్పాడని ఒక బడిపంతులు పేరు తన పత్రికలో వేశారట. విన్నమాట మీద, మొదటి పేజీలో. పంతులి బడికి పిల్లలు మానేశారు. చాకలి, మంగలి రావడం మానేశారు. నెల తిరక్కుండా అది అబద్ధమని తెలిసింది.

"మరి వేశారా, తప్పని?"

"ఎన్నికలొచ్చాయి. ఆ వార్తతోనే నాకు పేరొచ్చింది. ఎన్నికల ముందు నిజం చెప్పడానికి ఎవడికీ తీరిక ఉండదయ్యా. గెలిచాను. మద్రాసు వెళ్ళాను. రెండేళ్ళకి ఆఖరి పేజీలో, మందుల ప్రకటన కింద నాలుగు లైన్లు వేశాను. అప్పటికి పంతులు ఊళ్ళో లేడు. ఎటు పోయాడో ఎవరికీ తెలీదు."

ఆ తర్వాత ఆయన పెట్టుకున్న నియమం ఒకటే. తప్పు ఏ పేజీలో వేస్తే సవరణ ఆ పేజీలోనే, అంతే అక్షరాలతో. అచ్చు అక్షరాలు కూర్చే కంపోజిటర్ సణిగినా, తోటి నాయకులు నవ్వినా, పత్రిక మూతపడేదాకా తప్పలేదు. "నేను పోయాక మచ్చలేని మనిషి అంటారు, అననివ్వకు" అన్నారు. "నీ తప్పు మాత్రం రెండేళ్ళు దాచుకోకు."

ప్రతి శుక్రవారం అడిగేవారు. "వేశావా?" మన కొత్త ఫ్లాట్‌లో మీ అందరి ముందూ అడిగారు. అప్పుడు నిజం విన్న సంఘ కమిటీ ఏమందో తెలుసుగా. "ఇప్పుడెందుకు బ్రదర్, జనం మర్చిపోతారు." నేను తల ఊపాను. అబద్ధ సాక్ష్యం వద్దన్న ఆజ్ఞ మీద మూడు ప్రసంగాలు చేసిన నోరు ఇది. దీన్ని తలుచుకుంటే నాకే రోత.

మల్లేశం మాత్రం ఆయనకు పేపరు చదవడం మానలేదు. ఇంకా ఎందుకొస్తున్నావని ఎడిటర్ గారు ఒకరోజు తన ఫ్లాట్‌లో అడిగితే, నా ముందే అన్నాడు: "నువ్వు రాయలే గద సారూ. రాసినోడు గా కుర్సీల గూసున్నడు."

"ఓనరుతో ఏం మాట్లాడావు?" అని నేను అప్పుడు అడిగాను, సిగ్గులేకుండా.

"గీళ్ళెవలు అని అడిగిండు. మంచోళ్ళు, పాటలు పాడుకుంటరు అన్న. గంతే." తర్వాత అన్నాడు: "మా ఊరోళ్ళు నా క్యాంపులనే ఉన్నరన్నా. గల్ఫ్‌ల తనోళ్ళనే పట్టిచ్చిండట అని ఇంటికి ఉత్తరాలు రాసిన్రు. నేను ఊరికి పోకముందే నా పేరు పోయింది."

సంతాపసభలో మనం శాలువా కప్పింది ఫోటోకి. వారం వారం పేపరు చదివి పెట్టినవాడికి లోపల కుర్చీ లేదు. గుమ్మం బయటే నిలబడి వెళ్ళిపోయాడు. చూసి చూడనట్టున్నవాళ్ళలో నేనూ ఉన్నాను.

కాబట్టి మొదటి పేజీలో, అంతే అక్షరాలతో రాస్తున్నాను. మేస్త్రీ మల్లేశం మన గురించి ఎవరికీ చెడుగా చెప్పలేదు. నేను రాసింది అబద్ధం. తెలిసీ దాచాను.

కాగితం చాలదు. అతని ఊరివాళ్ళలో సగం మందికి చదువు రాదు, వాళ్ళు మన నోటితో వినాలి. అతని కంపెనీ పని ముగిసింది, రేపు మధ్యాహ్నం విమానం. వెళ్ళాక మనం ఏ ఊరు వెతుకుతాం? అర్పణ బలిపీఠం దగ్గర వదిలేసి ముందు సహోదరుడితో సమాధానపడమన్న ఏసు మాట మీకు కంఠతా వచ్చు. ఇవాళ పాటలు మానేద్దాం. కింద నా పికప్ ఉంది, కార్లున్నవాళ్ళు కార్లు తీయండి. పన్నెండింటికి ఇండస్ట్రియల్ ఏరియా క్యాంపు మెస్సులో అన్నం పెడతారు. గోడవారగా, నీళ్ళ డ్రమ్ము పక్కన ఒక్కడే కూర్చుని తింటున్న మనిషి మల్లేశం. అందరూ వినేలా తప్పు ఒప్పుకుని, అతని పక్కన కూర్చుని తినండి. లేవండి, ఇవాళే.