చెన్నపట్నం నుంచి రావలసిన మాట

రాజమండ్రి కోర్టు తలుపులమ్మను విడిచిపెట్టిన రోజున పాలెమంతా ఆమె గండం గడిచిందనుకుంది. ఆమె కూడా అలాగే అనుకుంది. మూడు నెలలు తిరక్కుండానే ఆ తీర్పు మీద సర్కారువారు చెన్నపట్నం హైకోర్టుకు అప్పీలు చేసుకున్నారని కాగితం వచ్చింది.

కోటిపల్లి రేవుకు దిగువన, గోదావరి పాయ ఒడ్డున వాళ్ల పాలెం. మొగుడు బుల్లియ్య వల వేస్తే ఆమె గెడ పట్టి పడవ నిలిపేది. ఆడది గెడ వేయడమేమిటని నవ్వినవాళ్లే, వరదలో ఆమె పడవను ఒడ్డుకు చేర్చే తీరు చూసి నోళ్లు మూసుకున్నారు.

1893 శ్రావణం. పులసలు ఏటికి ఎదురెక్కుతున్న రోజులు. పై పాలెం పల్లంరాజుకూ బుల్లియ్యకూ ఒక మడుగులో వల వేసే వంతు గురించి పాత పేచీ ఉంది. ఒక పొద్దుటి పూట పల్లంరాజు తన పడవను వీళ్ల పడవకు ఆనించి, కత్తితో వలతాడు తెగ్గోశాడు. అడ్డం వెళ్లిన బుల్లియ్యను భుజం మీద నరికాడు. బుల్లియ్య పడవలో వెల్లకిలా పడ్డాడు. పల్లంరాజు ఈ పడవలోకి దూకి మళ్లీ కత్తి ఎత్తాడు.

తలుపులమ్మ ఒక్కటే దెబ్బ వేసింది. గెడ అతని తల మీద పడింది. ఏట్లో పడినవాణ్ణి కొట్టుకుపోనివ్వకుండా జుట్టు పట్టి పైకి లాగింది కూడా ఆమే. మర్నాడు సాయంత్రానికి అతను పోయాడు.

జడ్జీ దొరా, ఆయన పక్కన సలహా చెప్పడానికి కూర్చున్న ఇద్దరు రైతు అసెసర్లూ ఒడ్డు నుంచి చూసినవాళ్ల సాక్ష్యం విన్నారు. మొగుడి ప్రాణం కాపాడుకోవడానికే కొట్టిందని నమ్మి పంపేశారు. ఇప్పుడు ఈ కాగితం.

ఆమెకు జామీను ఇప్పించిన ప్లీడరు తాతాజీ గారి అరుగు మీద కూర్చుని అడిగింది. "ఒకసారి వదిలేసినదాన్ని మళ్లీ పట్టుకుంటారాండి?"

"చట్టంలో ఆ వీలుందమ్మా. కింది కోర్టు పొరబడిందని పై కోర్టుకు తోస్తే శిక్ష వేయొచ్చు."

"ఇంతకీ వాళ్లనేదేంటండి?"

"అంత గట్టిగా కొట్టనక్కర్లేదంటున్నారు. చేతి మీద కొడితే కత్తి జారిపోయేది కదా, పడవ తోసుకుని పారిపోవచ్చు కదా అంటున్నారు."

"మా మావ రక్తంలో పడున్నాడండి. పడవ ఊగిపోతంది. చెయ్యేదో తలేదో చూసి కొట్టేంత తీరిక ఆడిచ్చాడాండి?"

తాతాజీ గారు కలం తీసుకుని ఆ మాట ఉన్నదున్నట్టు కాగితం మీద పెట్టారు. "చెన్నపట్నంలో మన వకీలు గారికి ఇదే రాస్తాను" అన్నారు.

ఆ తర్వాత ఏడు నెలలు ఆమె ఒంటికి తిండి పట్టలేదు. బుల్లియ్య భుజం గాయం మానింది గాని చెయ్యి పైకి లేవడం లేదు. ఆమె మళ్లీ పడవెక్కలేదు. గంప నెత్తిన పెట్టుకుని ద్రాక్షారామం సంతకు పోయేది. ఒకసారి అక్కడ పల్లంరాజు తల్లి మరిడమ్మ ఎదురైంది. తిడుతుందేమో, మీద పడుతుందేమో అనుకుంది. ఆ ముసలావిడ ఏమీ అనకుండా తన గంప ఎత్తుకుని అవతలి వరసకు వెళ్లిపోయింది. తిట్టినా బాగుండేదనిపించింది తలుపులమ్మకు. అంత గట్టిగా కొట్టి ఉండాల్సింది కాదేమో అన్న అనుమానం ఆ రోజు నుంచి ఆమెను పీడించసాగింది.

ఆశ్వయుజంలో ప్లీడరు గారి దగ్గర్నుంచి కబురొచ్చింది, వెంటనే బయలుదేరి రమ్మని. మొగుడూ పెళ్లాలు కాలువ పడవలో రాజమండ్రి చేరారు. గుమ్మంలోనే తాతాజీ గారు నవ్వుతూ కనిపించారు.

"అప్పీలు కొట్టేశారమ్మా!"

బుల్లియ్య బాగున్న చెయ్యి ఒక్కదాన్నే ఎత్తి దణ్ణం పెట్టాడు. తలుపులమ్మ మాత్రం కదలలేదు.

"బాబుగారూ, ఒక్క మాటండి. తప్పు చేసినా జాలిపడి వదిలేశారా? లేకపోతే..."

తాతాజీ గారు కాగితం విప్పారు. "విను, జడ్జీలు రాసింది తెలుగులో చెబుతాను. కత్తి ఎత్తినవాడి ముందు నిలబడ్డ మనిషి తన దెబ్బను తక్కెట్లో వేసి తూచుకోలేదన్నారు. పడిపోయిన మొగుణ్ణి వదిలి పారిపొమ్మని ఏ చట్టమూ చెప్పదన్నారు. సాక్షుల్ని కళ్లారా చూసిన జడ్జీ మాట కాదనడానికి కారణం కనబడలేదన్నారు. ప్రాణరక్షణకు చేసింది నేరమే కాదమ్మా. ఇది క్షమించి వదలడం కాదు. నువ్వు తప్పే చెయ్యలేదన్నారు."

"తప్పే చెయ్యలేదన్నారా?"

"అన్నారు. ఇదిగో, ఇక్కడ."

చదవడం రాకపోయినా ఆయన వేలు పెట్టిన చోటికి వంగి చూసింది. ఆ పైన అరుగు మీద చతికిలబడి కొంగు మొహాన కప్పుకుని వెక్కి వెక్కి ఏడ్చింది. లోపలి నుంచి ప్లీడరు గారి భార్య మాణిక్యాంబ గారు చెంబుతో మజ్జిగ తెచ్చిచ్చారు. గటగటా తాగేసింది. "ఇంకాస్త పొయ్యమంటావా?" అంటే సిగ్గుపడుతూనే చెంబు చాపింది.

తిరుగు పడవలో మిట్టమధ్యాహ్నపు ఎండ. కూర్చున్నది కూర్చున్నట్టే బుల్లియ్య ఒడిలోకి ఒరిగి నిద్రపోయింది. కాలువ లాకు దగ్గర పడవ ఆగినప్పుడు పక్కనున్నావిడ, "లేపవయ్యా, ఏదైనా తింటదేమో" అంది.

"వద్దండి," అన్నాడు బుల్లియ్య, కండువాతో ఆమె మొహానికి నీడ పడుతూ. "ఏడాది నిద్ర బాకీ ఉందండి దానికి."