ఆర్థర్ పేరు మీద ఆడినవాడు

మా చర్చిలో నన్ను ఇప్పటికీ 'పెనాల్టీ ఆర్థర్' అంటారు. మొన్న కొత్త పాస్టరుగారు వచ్చినప్పుడు కూడా ఎవరో పెద్దాయన నా భుజం తట్టి, "నలభై ఎనిమిదిలో చర్చిల కప్పు ఫైనల్లో పెనాల్టీ ఆపింది ఈయనేనండీ" అని పరిచయం చేశాడు. పాస్టరుగారు నా చేతులకేసి గౌరవంగా చూశారు. నేను నవ్వి ఊరుకున్నాను. సొమ్మొకడిది, సోకొకడిది అంటారు చూడండి, ఆ సోకు చేసుకుంటూ నలభై ఏడేళ్లు బతికినవాణ్ని నేను. ఆ బంతి ఆపింది నేను కాదు. ఆ సమయానికి నేను గీత బయట గొడుగు కింద నిలబడి ఉన్నాను. ఆపినవాడు గౌస్. పోయిన ఏడాది చనిపోయాడు. అతని గురించి నాలుగు ముక్కలు రాయాల్సింది నేనే, ఎందుకంటే నాకు తెలిసినంత ఎవరికీ తెలియదు.

గౌస్ వాళ్లకు మోండా మార్కెట్లో పళ్ల దుకాణం ఉండేది. తండ్రి లేడు. తల్లి హలీమాబీ బేరాలు చూసుకునేది, సరుకు దింపడం గౌస్ పని. పుచ్చకాయల బండి వస్తే పైనున్నవాడు కాయ విసురుతాడు, కిందివాడు పట్టుకుని పక్కవాడికి అందిస్తాడు. కాయ జారి పగిలితే హలీమాబీ నోటికి సాయంత్రం దాకా తెరపి ఉండదు. ఆ నోటికి భయపడే గౌస్ చేతులు అంత గట్టిపడ్డాయని మేం వేళాకోళం చేసేవాళ్లం. సాయంత్రాలు మాతో పాటు చిలకలగూడ మైదానంలో ఆడటానికి వచ్చేవాడు. ఎంత గట్టిగా కొట్టినా పట్టేసి, "గిది ఏం బరువురా, లోపల గాలే గద" అని నవ్వేవాడు. మనిషి సన్నగా, పొడుగ్గా ఉండేవాడు. జుట్టు మీద మహా ప్రేమ. గోల్‌లో నిలబడ్డప్పుడు కూడా జేబులో దువ్వెన ఉండాల్సిందే.

ఇక నా సంగతి. మా మిషన్ కుర్రాళ్ల జట్టుకి గోల్‌కీపర్ని నేను. ఎందుకయ్యానంటే నాకు పరిగెత్తడం రాదు, అంతే. చర్చిల కప్పులో ఆడాలంటే ఫలానావాడు మా సంఘం బిడ్డే అని పాస్టరు ఉత్తరం ఇవ్వాలి. కాబట్టి గౌస్ మాతో ప్రాక్టీసు వరకే. ఆ ఏడాది ఎలా నెట్టుకొచ్చామో దేవుడికే తెలియాలి, ఫైనల్ దాకా వచ్చాం. బొల్లారంలో జరగాల్సిన ఆ ఫైనల్‌కి రెండు రోజుల ముందు నేను గోడ దూకబోయి చీలమండ బెణికించుకున్నాను.

మా కెప్టెన్ సామ్యూల్ నాకంటే రెండేళ్లు పెద్దవాడు. నా కాలి వాపు చూసి ఒక్క నిమిషం కూడా ఆలోచించలేదు.

"గౌస్ ఆడ్తడు. పేరు నీది, చేతులు వానియి. బొల్లారంల మనల్ని ఎవడు గుర్తుపడ్తడు?"

ఇందులో కొత్తేమీ లేదు. ఒకరి పేరు మీద ఇంకొకరు ఆడటం అప్పటి పోటీల్లో మామూలే. దొరికితే కప్పు పోతుంది, దొరక్కపోతే తెలివి.

జులై పదిహేడు, శనివారం సాయంత్రం. పైన ముసురు, ఊళ్లో రోజులు బాగాలేవు. రజాకార్ల భయానికి మావాళ్లు బొల్లారం దాకా ఎవరూ రాలేదు, అదీ కలిసొచ్చింది. నా బనీను తొడుక్కుని, నా టోపీ కళ్ల మీదికి లాక్కుని గౌస్ గోల్‌లో నిలబడ్డాడు. అది రంజాన్ నెల. తెల్లవారుజాము నుంచి అతని నోట్లో నీటిచుక్క పడలేదు. హాఫ్‌టైంలో అందరూ నిమ్మచెక్కలు చప్పరిస్తుంటే గోడవైపు తిరిగి కూర్చున్నాడు. "ఆర్థర్, నీళ్లు తాగవేం?" అని రిఫరీ అడిగితే, కడుపులో నొప్పి సార్ అని సామ్యూలే జవాబు చెప్పాడు.

ఒక్క గోల్ మాది. ఇంకో మూడు నిమిషాల్లో ఆట అయిపోతుందనగా వాళ్లకు పెనాల్టీ దొరికింది. కొట్టినవాడు బలంగానే కొట్టాడు. బంతి గౌస్‌కి ఎడమ పక్కగా, ఎత్తుగా వెళ్లింది. అతను అటే ఎగిరి, కుడి చేయి అడ్డంగా చాపి దాన్ని గోల్ పైకర్ర మీదుగా అవతలికి తోశాడు. బురదలో బోర్లా పడి లేచి ముందుగా జుట్టు సవరించుకున్నాడు. మా జట్టు మొదలుపెడితే మైదానమంతా "ఆర్థర్! ఆర్థర్!" అని అరిచింది. నా పేరు అంత గట్టిగా అంతమంది అరవడం నేను అంతకుముందు వినలేదు. ఒళ్లు పులకరించింది. సిగ్గులేని ఒళ్లు.

వారం తర్వాత చర్చిలో నా చేతికి సర్టిఫికెట్ ఇచ్చారు. పోటీలోకెల్లా మంచి గోల్‌కీపర్ ఆర్థర్ అని ఇంగ్లీషులో. మర్యాద కోసం తీసుకెళ్లి గౌస్‌కి చూపించాను. "నీ పేరే ఉంది గదా, నువ్వే పెట్టుకో. తర్బూజలు పట్టనీకె నాకు సర్టిఫికెట్ దేనికి?" అన్నాడు. నేను రెండోసారి అడగలేదు. రైల్వేలో ఆట తెలిసిన కుర్రాళ్లను గుమాస్తాలుగా తీసుకుంటున్నారంటే ఆ కాగితం జతచేసి అర్జీ పెట్టాను. అక్టోబర్లో వచ్చి కనబడమని జాబు వచ్చింది. మా నాన్న పోయాక మిషన్ బడిలో పాఠాలు చెప్పి నన్ను పెంచిన మా అమ్మ మార్త, ఆ జాబును బైబిల్లో పెట్టి దాచింది.

గౌస్‌ని కడిగిన ముత్యం అని నేను చెప్పను. ఆ వేసవిలో వాళ్ల గల్లీ కుర్రాళ్లను రజాకార్ల కవాతుకి పిలిస్తే అతనూ వెళ్లాడు. ఎవరూ బలవంతం చేయలేదు. ఖాకీ చొక్కా వేసుకుని వచ్చి, "ఎట్లున్న?" అని నా ముందు అటూ ఇటూ తిరిగాడు. నెల తిరక్కుండానే మానేశాడు. కవాతూ తెల్లవారేసరికే, పళ్ల బండ్లూ తెల్లవారేసరికే. హలీమాబీ ముందు రజాకార్లు నిలవలేకపోయారు.

సెప్టెంబర్లో పోలీసు యాక్షన్ జరిగింది. అయిదు రోజుల్లో నిజాం రాజ్యం ముగిసింది. ఇళ్ల మీద తెల్లగుడ్డలు కట్టారు, సైన్యం ఊళ్లోకి వచ్చింది, మేం దారికి రెండు పక్కలా నిలబడి చేతులు ఊపాం. ఆ మర్నాడే మోండాలో కొన్ని దుకాణాలు ఎవరివో చూసి మరీ దోచారు. హలీమాబీ దుకాణంలో తక్కెడ కూడా మిగల్లేదు. వారానికి గౌస్‌ని పట్టుకెళ్లారు. మేడ్చల్ అవతల ఒక పల్లెను రజాకార్లు తగలబెట్టారు, ఇద్దరు చనిపోయారు, ఆ గుంపులో గౌస్ ఉన్నాడని ఎవరో రాసిచ్చారు. పల్లె తగలబడ్డది నిజం. ఇద్దరు పోయిందీ నిజం. అది జరిగింది జులై పదిహేడు సాయంత్రం.

హలీమాబీ మా ఇంటికి వచ్చింది. అంత నోరున్న మనిషి గుమ్మంలోనే చేతులు జోడించింది.

"బేటా, ఆ దినం గౌస్ నీ బదులు ఆడిండు గద. అఫ్సర్ మంచోడు. ఇంటోళ్ల మాట చెల్లదు, బయటి మనిషి ఒక్కడొచ్చి చెప్తే ఇడిసిపెడ్తనన్నడు. ఒక్క మాట బేటా."

నేను నోరు తెరిచేలోపే మా అమ్మ ఆమె చేయి పట్టుకుంది. "వెళ్తాడమ్మా. రేపు పొద్దున్నే వెళ్లి చెప్తాడు. మీరు దిగులుపడకండి."

"వస్తా అమ్మీ" అన్నాను నేను కూడా.

సాయంత్రం సామ్యూల్ దగ్గరికి వెళ్లాను. అతను గొంతు తగ్గించి మాట్లాడాడు. "పో, పోయి చెప్పు. కప్పు పోతది. సర్టిఫికెట్ దొంగదని తేల్తది. రైల్వే నౌకరీ ఇంక మర్చిపో. రజాకార్‌కు గవాహీ చెప్పినవని నిన్ను సుత లోపలేస్తరేమో."

"మరి నువ్వు పో."

"నేనెట్ల పోత? కెప్టెన్‌ను. మిగిలినోళ్లున్నరు గద, ఎవడో ఒకడు పోతడు."

పదిమంది చేతిలో పడ్డ పాము చావదంటారు. మా జట్టులో అందరికీ నిజం తెలుసు. అందరూ తేలు కుట్టిన దొంగల్లా ఇళ్లలో కూర్చున్నారు.

నేను మాత్రం వెళ్లాను. నిజం చెప్పాలనే వెళ్లాను. ఇది ఎవరూ నమ్మకపోయినా నాకేం అభ్యంతరం లేదు, నేనే సగం నమ్మను.

ఒక బడిని అప్పట్లో విచారణల కచేరీగా మార్చారు. అఫ్సర్ గుంటూరు వైపు నుంచి వచ్చినాయన. నా పేరు విని, మా అమ్మది బాపట్ల అని తెలుసుకుని కుర్చీ వేయించాడు. గౌస్‌ని తీసుకొచ్చి నిలబెట్టారు. గడ్డం పెరిగింది, ఒక కన్ను కమిలి ఉంది. నన్ను చూడగానే మొహం విప్పారింది. చేత్తో జుట్టు వెనక్కి దువ్వుకున్నాడు.

"ఇదిగో ఆర్థర్," అన్నాడు అఫ్సర్ బల్ల మీది కాగితం చూపిస్తూ. "ఫైనల్లో గోల్‌లో ఉన్నది తనేనంటున్నాడు ఇతను. పోటీ కమిటీ పంపిన జాబితాలో నీ పేరుంది. సర్టిఫికెట్ కూడా నీకే ఇచ్చారట. రైల్వేవాళ్లు పిలిచారటగా, శభాష్. భయపడకుండా చెప్పు. ఆ రోజు గోల్‌లో ఉన్నదెవరు?"

శభాష్ అన్నాడే, అక్కడ నేను జారాను.

"నేనేనండి" అన్నాను.

గౌస్ ముందు నవ్వాడు. హాస్యమాడుతున్నాననుకున్నాడు. నేను నవ్వకపోయేసరికి, "ఏందీ? ఆర్థర్! గట్లంటవేందిరా?" అని ఒక అడుగు ముందుకు వేశాడు. జవాను అతని రెక్క పట్టుకున్నాడు. "సాబ్, అడుగుండ్రి! పెనాల్టీ ఏ దిక్కు వచ్చింది, ఏ చేత్తోని ఆపిండు, అడుగుండ్రి. ఆపినోనికే ఎరుకుంటది!"

మంచి ప్రశ్నే అనుకున్నట్టు అఫ్సర్ నావైపు తిరిగాడు.

తప్పు చెప్పి ఉంటే సరిపోయేది. తెలియదన్నా సరిపోయేది. నేను అంతా చూశాను కదా, నాకు అంతా తెలుసు. "ఎడమ పక్క ఎత్తుగా వచ్చిందండి. కుడి చేత్తో కర్ర మీదుగా తోసేశాను. ఇంకా మూడు నిమిషాల ఆట ఉంది" అన్నాను. గోడ దూకి దెబ్బ తిన్న కాలు ఇంకా కొద్దిగా కుంటుతూనే ఉంది. ఆ కాలితోనే లేచి నిలబడి, ఎలా ఎగిరానో చేయి చాపి చూపించాను కూడా.

జవాను లాగాల్సిన అవసరం లేకుండా గౌస్ తనే వెనక్కి తిరిగి వెళ్లాడు. అఫ్సర్ రాసుకున్నాడు, నేను సంతకం పెట్టాను.

బయట వరండాలో హలీమాబీ కూర్చుని ఉంది. "చెప్పినవా బేటా?" అంది.

"చెప్పిన అమ్మీ."

ఆమె లేచి నా తల చుట్టూ చేతులు తిప్పి, తన కణతల దగ్గర మెటికలు విరిచింది. నేను ఆపలేదు. ఆ పాపం కూడా మోసుకుని ఇంటికి వచ్చాను.

గౌస్‌కి జైలు పడింది. నాకు రైల్వేలో ఉద్యోగం వచ్చింది. వాళ్ల జట్టు తరఫున ఆడిన మొదటి ఆటలోనే ఆరు గోల్స్ వదిలాను. పాత కాలు నొప్పి అని చెప్పి తప్పించుకుంటే, పాపం అనుకుని బల్ల దగ్గర కూర్చోబెట్టారు. అక్కడే ముప్పై తొమ్మిదేళ్లు. ఎవరైనా ఫుట్‌బాల్ మాట ఎత్తితే చాలు, గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు ఉండేది. మా అమ్మకు సంగతి నాలుగు రోజుల్లోనే తెలిసింది. తిట్టలేదు. శనివారాలు హలీమాబీ దగ్గరికి బియ్యమో పప్పో పట్టుకుని వెళ్లేది. నన్ను రమ్మని ఒక్కసారీ అనలేదు. తిట్టి ఉంటే నాకు కొంచెం తేలికయ్యేది.

రెండేళ్ల ఎనిమిది నెలలకు విడుదలై గౌస్ మా ఇంటికి వచ్చాడు. తలుపు నేనే తీశాను. కొడతాడనుకున్నాను, కొడితే బాగుండునని కూడా అనుకున్నాను. కుర్చీ చూపిస్తే కూర్చున్నాడు. తల గొరిగించి ఉంది.

"ఒక మిల్లుల గేటుకాడ నౌకరీ ఉంది. జైలుకు పోయొచ్చినోన్ని తీస్కోవాల్నంటె, వీడు మంచోడని సర్కారు నౌకర్ రాసియ్యాల్నట. నాకు ఎరుకైన సర్కారు నౌకర్ నువ్వొక్కనివే."

మా అమ్మ గ్లాసుతో టీ తెచ్చి అతని ముందు పెట్టి, నా మొహం చూడకుండా లోపలికి వెళ్లింది. నేను కాగితం తీశాను. గౌస్ నాకు చిన్నప్పటి నుంచి తెలుసని, అబద్ధమాడడని, ఏ నేరమూ చేసే మనిషి కాదని ఇంగ్లీషులో రాశాను. కింద నా పేరు, ఉద్యోగం రాసి సంతకం చేశాను. ఏం రాశావో చదవమన్నాడు. తెలుగులో చదివి చెప్పాను. అతను చివరి దాకా విని, "మంచిగ రాసినవ్" అని కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి జేబులో పెట్టుకున్నాడు. టీ తాగి లేచాడు.

గుమ్మం దాకా వెంట వెళ్లాను. ఏదో ఒకటి చేయాలి, ఈ ఒక్కటైనా సరిగ్గా చేయాలి అనిపించింది.

"గౌస్, రేపు నేను సుత నీ వెంట వస్తా. మిల్లోళ్లకు నోటితోని చెప్తా."

అతను చెప్పులు తొడుక్కుంటూ తల అడ్డంగా ఊపాడు.

"నువ్వు రాకు. కాగితం చాలు."