బాపు చెవికి కుదిర్చిన గొంతు

ఆ ఆదివారం సూరత్ ఆల్థాన్‌లోని మా గదిలో ఉన్నవాళ్లు: నేను, బాపు అని పిలిచే మా నాన్న. ఉన్నవి: నా కంప్యూటర్, రెండు స్పీకర్లు, క్యాసెట్ల నుంచి ఎక్కించిన నాయనమ్మ మాటలు పదకొండు ఫైళ్లు. లేనిది: వాటిని బాపుకు వినిపించే యాప్.

నాయనమ్మకు రాయడం రాదు. సిరిసిల్ల నుంచి సూరత్‌కు ఎవరు బయల్దేరినా, తన మాటలు నింపిన క్యాసెట్ వాళ్ల చేతికిచ్చి పంపేది. ఆమె పోయింది, క్యాసెట్లు మిగిలాయి. ఏళ్ల తరబడి పనిచేసిన షెడ్డులో మరమగ్గాల మోత బాపు చెవుల్లో సన్నటి శబ్దాలన్నీ తినేసింది. మనిషి ఎదురుగా ఉంటే పెదాలు చూసి అర్థం చేసుకుంటాడు. ఫైలుకు పెదాలుండవు. అందుకే పాత యాప్‌లో ఏ శబ్దం ఎంత పెంచాలో ఒక్కో ఫైలుకు విడిగా, ఆయన్ను పక్కన కూర్చోబెట్టుకుని కుదిర్చాను.

శనివారం సిస్టమ్ అప్‌గ్రేడ్ చేశాను. ఆ యాప్‌ను ఇక అందించడం లేదని ఒక వాక్యం వచ్చింది. మెరుగైన అనుభవం కోసం కొత్తది వాడమని ఇంకొకటి. నా అమరికలన్నీ దానితోపాటే పోయాయి. ఎవరి అనుభవం మెరుగైంది? ఆ వాక్యం రాసినవాడు దొరికితే బాపు పక్కన కూర్చోబెట్టి అడిగేవాణ్ణి.

వాళ్లు చెప్పిన కొత్తదే పెట్టాను.

"ఏంది, అవ్వ నోట్ల బట్ట పెట్టుకొని మాట్లాడినట్టుంది," అన్నాడు బాపు.

"పాత యాప్ బంద్ చేసిన్రు బాపూ."

"మంచిగ నడిచేదాన్ని ఎందుకు బంద్ చేసిన్రు? మా సేఠ్ గూడ గిట్ల చెయ్యడు."

అందులో శబ్దం పెంచడం, తగ్గించడం తప్ప ఏమీ లేదు. తీసేశాను. రెండో యాప్ నాయనమ్మ మాటల మధ్య బనియన్ల ప్రకటన వేసింది. అదీ తీసేశాను. మూడోదాంట్లో ఫైలుకో అమరిక పెట్టుకోవచ్చు. మళ్లీ మొదటినుంచి మీటలు జరుపుతూ పోయాను. ఒకచోట బాపు అరచెయ్యి పైకెత్తాడు. షెడ్డులో అరచెయ్యెత్తితే దారం తెగింది, మగ్గం ఆపమని అర్థం. చిన్నప్పుడే నేర్చుకున్నాను. శబ్దం చెడిందనుకుని ఆపేసి, మీటలన్నీ సున్నాకు తెచ్చాను.

"అరె, ఎందుకు తీసినవ్ రా? అవ్వ నా పేరు పిలిచింది."

"నువ్వే గద చెయ్యెత్తినవ్."

"ఆడనే ఉంచుమని ఎత్తిన. ఇంజనీర్‌వి, మగ్గం నడిపెటోని లెక్క సమజ్ చేసుకుంటవేంది?"

ఆ కంపెనీని తిట్టుకుంటూ ఒక్కోటీ మళ్లీ జరిపాను. మీటలు మళ్లీ ఆ చోటికి కుదరలేదు. మిగతా ఫైళ్లతో సాయంత్రం దాకా కూర్చున్నాం. బాపు ఈసారి చెయ్యెత్తలేదు, వినబడినప్పుడల్లా నా భుజం పట్టుకున్నాడు. చివర్లో పేరు పిలిచిన ఫైలే మళ్లీ పెట్టమన్నాడు. పెట్టాను. భుజం పట్టుకోలేదు.

పదకొండు ఫైళ్లలో బాపుకు వినబడేవి ఇప్పుడు ఏడు.