సంతకం అందిన రోజు

ఆదోనిలో మా వైద్యశాఖ ఆఫీసుకు పెద్దగా ఉండిన ఆయన్ను తలచుకుంటే ఇప్పటికీ రోత పుడుతుంది. ఎవరి ఫైలు వచ్చినా తెరవకుండానే అరచేత్తో తట్టి, “చూస్తాంలే” అనేవాడు.

మా జిల్లాలోని కృష్ణగిరిలో పనిచేసే ఒక నర్సు, పక్షవాతంతో మంచాన పడిన భర్తను చూసుకోవడానికి ఎమ్మిగనూరుకు బదిలీ అడిగింది. ఆమె కోర్టుకెక్కితే, నెలలో తేల్చమని హైకోర్టు చెప్పినా ఆయన కదల్లేదు. కోర్టు ధిక్కరణ నోటీసు వచ్చాకే బెదిరి సంతకం పెట్టాడు. జడ్జి ముందు చేతులు జోడించి, క్షమాపణ చెప్పి బయటపడ్డాడు. ఆ సంబరంలో మరునాడు ఆఫీసులో మైసూర్‌పాక్ పంచాడు. ఆర్డరు తీసుకోవడానికి వచ్చిన ఆమెకూ ఒక ముక్క అందించబోయాడు.

“తీసుకోమ్మా, నీ పని అయిపాయ గదా!”

“మా ఆయన పోయిన వారమే సచ్చిపోయినాడు సార్. ఇంగ ఆడికి ఎవురి కోసం పోవల్ల?”

ఆయన ఆ ముక్కను తన నోట్లోనే వేసుకుని, వేళ్లు నాక్కున్నాడు.