పదకొండో పుస్తకం, నూట నలభై మూడో పేజీ నుంచి

ఐదేళ్లుగా ఒక బరువు మోస్తున్నాను. పదకొండు లావుపాటి పుస్తకాలు, వాటిని పెట్టిన రేకు పెట్టె. పెట్టె ఇప్పటికీ నా మంచం కింద ఉంది. లాగితే తేలిగ్గా వస్తుంది, లోపల ఏమీ లేదు. అయినా లాగిన ప్రతిసారీ నా భుజం పట్టేస్తుంది.

మీరెవరో నాకు తెలియదు, నేనెవరో మీకు తెలియదు. అందుకే మీతో చెప్పగలుగుతున్నాను. తెలిసినవాళ్లతో చెబుదామని కూర్చున్నప్పుడల్లా మాట ఇంకోవైపు తిరిగిపోయింది.

సూరత్‌లో నేను చేసిన పని బట్ట తనిఖీ. మగ్గం మీంచి దిగిన తానును దీపం వెలిగించిన అద్దపు బల్ల మీద లాగుతూ, పోగు ఎక్కడ తెగింది, నూనె మరక ఎక్కడ పడింది అని చూసి సుద్దతో గీత పెట్టడం. ఇంటికొచ్చాక డైరీ. ఎండ, వాన, తిన్నది, కలిసినవాళ్లు, చదివింది ఎన్నో పేజీ నుంచి ఎన్నో పేజీ దాకా. రిటైరయ్యాక కూడా ఒక్క రోజు మానలేదు. నా డైరీలో అబద్ధం ఉండదు. అలా అనుకునేవాణ్ణి.

సత్తయ్య సూరత్‌లోనే, డిండోలి పేటలో నా కింది గదిలో ఉండేవాడు. మగ్గం నడిపేవాడు. కరీంనగర్ వైపు మనిషి, నాకంటే పన్నెండేళ్లు చిన్న. భార్య, కూతురు లావణ్య ఊళ్లో ఉండేవాళ్లు. తాగుడు లేదు, పేకాట లేదు. ఉన్నదల్లా బొమ్మల కథల పిచ్చి. ముసుగు వేసుకుని ఎగిరే వీరులు, హంతకులు, వాళ్లను వెంటాడే డిటెక్టివులు. పాత కాగితాలు కొనే పస్తీ దుకాణానికి ఎక్కడెక్కడి నుంచో మూటలు వచ్చేవి. అందులోంచి వెతికి తెచ్చుకునేవాడు. విడి సంచికలు ముట్టేవాడు కాదు. కథంతా ఒకే అట్టలో కుట్టిన పెద్ద సంపుటాలే కావాలి. అన్నీ ఇంగ్లిషువి. అతనికి ఇంగ్లిషు రాదు.

అందుకని మాకో పద్ధతి ఉండేది. ఆదివారం మధ్యాహ్నం అతను బొమ్మలు చూసేవాడు, నేను మాటలు చదివి తెలుగులో చెప్పేవాణ్ణి. ముందు పేజీల బొమ్మలు దొంగతనంగా చూసేవాడు కాదు. ఆపినచోట మగ్గం మీద తెగిన ఎర్రపోగు ఒకటి పెట్టి మూసేవాడు. మళ్లీ ఆదివారం దాకా ముట్టడు. మాటలు నావి, బొమ్మలు అతనివి. నేను బొమ్మల్ని సరిగా చూసేవాణ్ణి కాదు. నా కన్ను అక్షరం నుంచి అక్షరానికి వెళ్లేది. ఇది గుర్తుంచుకోండి.

లాక్‌డౌన్ వచ్చింది. మగ్గాలు ఆగిపోయాయి. సూరత్‌లో ఏళ్ల తరబడి బతికినవాడికి మగ్గాల చప్పుడు వినబడదు. అది ఆగినప్పుడే వినబడుతుంది. పగటిపూట వీధిలో నిలబడితే చెవుల్లో దూది కుక్కినట్టుండేది. కార్మికుల రైలు వేశాక భవనం ఖాళీ అయింది. సత్తయ్య కూడా ఎక్కాడు. వెళ్లేముందు పెట్టె మోసుకొచ్చి నా మంచం కింద పెట్టాడు. పదకొండోది సగంలో ఉంది. తెల్లటి చేతితొడుగులు వేసుకుని జనాన్ని చంపే ముసుగు మనిషి కథ. ఎర్రపోగు నూట నలభై రెండో పేజీలో ఉంది.

అతను వెళ్లిన మూడో రోజు తెలిసింది, జ్వరమని, పరీక్షలో పాజిటివ్ అని, ఊరి బడిలో ఉంచారని.

ఆ రోజుల్లో మనుషులు కూరగాయల్ని సబ్బునీళ్లలో కడిగారు. పేపరు వేసేవాణ్ణి మాన్పించారు. కాగితం మీద అది బతుకుతుందన్నారు. ఆ పెట్టె పక్కన నేను మూడు రాత్రులు పడుకున్నాను. పుస్తకాల్ని డాబా మీద ఎండబెట్టాను. ఎండ చాలదనిపించింది. మిట్టమధ్యాహ్నం ఒక నూనె డబ్బాలో ఒక్కొక్కటే వేసి కాల్చాను. నున్నటి రంగు కాగితం వెంటనే అంటుకోదు. అంటుకున్నాక మంట అంచున ఆకుపచ్చ రంగు కనిపించింది. పేజీలు వాటంతటవే తిరిగాయి, ఎవరో తొందరగా చదువుతున్నట్టు.

భయంతో కాల్చానని డైరీలో రాసుకోలేదు. అసలు కాల్చానని రాయలేదు. భయమొక్కటేనా? ఇన్నేళ్లుగా ఇదే అడుగుతున్నాను. పెట్టెకు తాళం వేసి డాబా మీద ఒక మూలకు తోసేస్తే సరిపోయేది కదా. నేను నలభై ఏళ్లు రాసిన డైరీలు అలమారలో ఉన్నాయి. ఏం రాశావని ఒక్కడూ అడగలేదు. సత్తయ్య పుస్తకాలు చూడటానికి మాత్రం ఆదివారాలు మెట్ల దాకా జనం నిలబడేవాళ్లు. డబ్బా ముందు నిలబడ్డప్పుడు నాలో ఒక చిన్న తృప్తి కదిలిందా? కదలలేదని ప్రమాణం చేయలేను.

మర్నాడు సాయంత్రం నాలుగింటికి ఫోన్ వచ్చింది. బడిలో మంచం మీద ఒక్కడే ఉన్నాడట. పొద్దు పోతలేదట. పదకొండోది తీసి చదవమన్నాడు. బొమ్మల్లో ఏముందో కూడా నన్నే చెప్పమన్నాడు.

అప్పుడు చెప్పాల్సింది. చెప్పలేదు. ఆరోగ్యం బాగుపడ్డాక చెబుదామనుకున్నాను. ఖాళీ చేతులతో కూర్చుని, "నూట నలభై మూడు" అని మొదలుపెట్టాను.

ఏం చెప్పాలి? నా కిటికీలోంచి కనిపించిందే చెప్పాను. ఒక నగరం. యంత్రాలన్నీ ఆగిపోయాయి. రోడ్డు మీద మనిషి లేడు. తెల్ల తొడుగుల మనిషి ఒక్కో భవనం ఎక్కి ఒక్కో తలుపు తడుతున్నాడు. రోజుకు పదహారు పేజీలు. ఫోన్ పెట్టాక డైరీలో రాసేవాణ్ణి: సత్తయ్యకు చదివి వినిపించినవి, 143 నుంచి 158. మర్నాడు 159 నుంచి 174. నా చేతిరాత ఎక్కడా వణకలేదు. కావాలంటే చూడొచ్చు.

నాలుగో రోజో ఐదో రోజో, చదువుతూ చదువుతూ చూసుకుంటే, వేలు తడి చేసుకుని గాలిలో పేజీ తిప్పుతున్నాను.

ఆరో రోజు మాటలు మాత్రం నాకు పొల్లుపోకుండా గుర్తున్నాయి.

"అన్నా, గా తొడుగేసుకున్న చెయ్యి ఇప్పుడు కనవడుతుందా?"

"కనవడుతుంది. గొళ్లెం మీద వెట్టిండు."

"ఎన్ని వేళ్లున్నయ్?"

"ఐదు. ఎన్నుంటయ్ మరి?"

ఫోన్‌లో, పక్క గది నుంచి కాబోలు, ఎవరో దూరంగా దగ్గుతున్నారు. అతను కాదు.

"మంచిది. సదువన్నా." తర్వాత తనే అన్నాడు, "ఎడమ దిక్కు మీద చిన్న కిటికుంటది సూడు."

"ఉన్నది."

"అండ్ల ఎవరో కూసున్నరు గదా?"

"ముసలాయన."

"ఏం జేస్తుండు?"

"రాస్తుండు."

నవ్వాడు. నవ్వుతుంటే దగ్గు వచ్చింది. "నీ అసొంటోడే. సంపెటోడు మెట్లెక్కుతుంటే గూడ తారీఖేసి రాస్తడు. తలుపు గొడితె తీస్తడా?"

"గా పేజీ ఇంక రాలే."

"తొందరేం లేదు. రేపు సదువు."

ఆ తర్వాత ఇంకో నాలుగు రోజులు ఫోన్ చేశాడు. ఆ నాలుగు రోజులూ బొమ్మలు అతనే చెప్పాడు. మెట్ల పక్క గోడకు పగులుంది చూడు అనేవాడు. ఉందనేవాణ్ణి. కింద నీళ్ల బిందె పడిపోయి ఉంది చూడు అనేవాడు. నాకు నిజంగానే కనిపించేది. లేని పేజీలో ఇద్దరం ఒకే బిందెను చూశాం. అతను చెబుతుంటే ఆ ముసుగు మనిషి మెట్టు మెట్టుగా పైకి వచ్చాడు. చివరి రోజు మాట్లాడుతుండగా మా మెట్ల మీద కూడా చప్పుడైంది. భవనంలో నేను తప్ప ఎవరూ లేరు. ఇంటి యజమాని కూడా ఊరెళ్లిపోయాడు. చప్పుడు నా తలుపు దాకా వచ్చి ఆగింది. నేను తీయలేదు. ఇది కూడా డైరీలో లేదు.

పదకొండో రోజు నాలుగింటికి ఫోన్ రాలేదు. రెండు రోజుల తర్వాత లావణ్య చేసింది. ఏడవలేదు. తండ్రి ఎప్పుడు పోయాడు, ఎట్లా పోయాడు అన్నది వరసగా చెప్పి, "పెద్దబాపు, మీరు రోజు సదివినందుకు బాపు చానా సంబురపడ్డడు" అంది.

మరుసటి ఏడాది, జబ్బు కాస్త తగ్గాక, తండ్రి గదిలో సామాను తీసుకోవడానికి వస్తానంది. పుస్తకాలు కూడా తీసుకెళ్తానంది. అప్పుడు నేను రెండో పని చేశాను. మొదటిది భయమని చెప్పుకోవచ్చు. దీనికి ఆ సాకు కూడా లేదు. పాత పుస్తకాలమ్మే ఒకతనికి పదకొండోదాని పేరు రాసిచ్చి ముంబై నుంచి తెప్పించాను. కారఖానాలో పాత తోటివాణ్ణి అడిగి ఒక ఎర్రపోగు తెచ్చుకున్నాను. నూనె, మట్టి పట్టేదాకా అరచేతుల మధ్య నలిపాను. పాతబడ్డాక నూట నలభై రెండో పేజీలో పెట్టాను. తప్పులు పట్టడమే వృత్తిగా బతికినవాడికి, తప్పు కనిపించకుండా ఎట్లా చేయాలో కూడా తెలుస్తుంది.

అప్పుడే మొదటిసారి బొమ్మలు చూశాను. మొదటి పేజీ నుంచి ఆ తెల్ల తొడుగుకు నాలుగు వేళ్లే. చిటికెన వేలు లేదు. మాటల్లో ఎక్కడా ఆ సంగతి రాయలేదు, బొమ్మల్లోనే ఉంది. ప్రతి బొమ్మలోనూ ఉంది.

అంటే ఆరో రోజే అతనికి తెలిసిపోయింది. పుస్తకం నా చేతిలో లేదని. ఉన్నా నేను చదవడం లేదని. తెలిసి కూడా ఎందుకు ఫోన్ చేశాడు? నన్ను క్షమించాడా? నాతో ఆడుకున్నాడా? ఆ బడిగదిలో ఒక గొంతు వినబడితే చాలనుకున్నాడా? ఎవరిని అడగను?

లావణ్య వచ్చింది. మిగతా పది పుస్తకాలు కింది గదిలోనే ఉండిపోయి, పక్కనున్న ఖాడీ వాగు నీళ్లు వచ్చినప్పుడు తడిసి పాడయ్యాయని చెప్పాను. నమ్మింది. మా వీధిలోకి నీళ్లు రావడం కొత్త కాదు. పదకొండోది తీసి ఇచ్చాను. పోగు ఉన్నచోట తెరిచింది. దాన్ని తీయకుండా, వేలి కొసతో నిమిరింది. "ఇది బాపు వెట్టిందే" అంది. అవునన్నాను.

ఆ "అవును" కాల్చిన పదకొండింటికంటే బరువు.

అక్కడితో అయిపోతే నేను ఇది రాసేవాణ్ణి కాదేమో. నెల తర్వాత ఆమె ఫోన్ చేసింది. ఆమెకు ఇంగ్లిషు వచ్చు, పుస్తకమంతా చదివింది. బడి కిటికీ దగ్గర అన్నం పెట్టడానికి వెళ్లినప్పుడల్లా తండ్రి ఆరోజు విన్న కథ చెప్పేవాడట. యంత్రాలు ఆగిన నగరం, కిటికీలో రాసుకునే ముసలాయన, పడిపోయిన బిందె. అవేవీ ఇందులో లేవంది. "వేరే పుస్తకంలది గావచ్చు పెద్దబాపు. ఏ పుస్తకమో జర యాది చేసుకోండ్రి. బాపుకు ఆఖరు తెల్వకనే పాయె. నేనన్న సదువుకుంట."

వెతుకుతానన్నాను. నాలుగేళ్లుగా వెతుకుతూనే ఉన్నానని చెబుతున్నాను. ఆమె నిజంగా వెతుకుతోంది. హైదరాబాద్‌లో ఉద్యోగం, వారానికి ఒక్క సెలవు. ఆ సెలవు రోజున పాత పుస్తకాల దుకాణాల ముందు కూర్చుని ఒక్కో సంపుటమూ తిరగేస్తుంది. కిటికీ ఉన్న ప్రతి బొమ్మనూ ఫొటో తీసి నాకు పంపుతుంది. ఇదేనా పెద్దబాపు? కాదమ్మా. ఇదేనా? కాదు. ఇప్పటికి రెండు వందలకు పైగా వచ్చాయి. ఒకదాంట్లో నిజంగానే ఒక ముసలాయన బల్ల ముందు కూర్చుని ఉన్నాడు. ఇది కాదని రాయడానికి ఆరోజు చాలాసేపు పట్టింది.

నిన్న కూడా ఒకటి వచ్చింది. ఇంకా జవాబివ్వలేదు. ఏం ఇస్తానో తెలియదు. ధైర్యం వచ్చిందని చెబితే అది ఇంకో అబద్ధం.

మీకు మాత్రం చెబుతున్నాను. లావణ్య వెతుకుతున్న పుస్తకం ఎక్కడా అచ్చు కాలేదు. దాన్ని కట్టింది నేను. దానిలో బొమ్మలు వేసింది ఆమె తండ్రి, జ్వరంలో, నా అబద్ధం తెలిసి కూడా. దానికి ఆఖరు లేదు. ఉంటే, అది అతనికి తెలిసుండాలి. నాకు తెలియదు.