బోడిగాడి గొంతు

ఆవిడకు యాభై రెండేళ్లు. మోకాళ్ల నొప్పులు, బీపీ మాత్రలు, పెళ్లయిన కూతురు అన్నీ ఉన్నాయి. అయినా డబ్బింగ్ స్టూడియోలో అందరికీ ఆవిడ ‘బోడిగాడే’. టీవీలో వారంవారం వచ్చే బొమ్మల సీరియల్లో ఆ పేరుగల గుండు పిల్లాడికి పద్దెనిమిదేళ్లుగా గొంతు ఆవిడదే. వాడు నోరు తెరిస్తే బూతు, మూస్తే వెనకనుంచి చప్పుడు. మంత్రినీ వదలడు, మాస్టారినీ వదలడు.

అత్తగారు “ఛీ, పాడు నోరు!” అంటూనే ఒక్క వారమూ మానేది కాదు.

పోయినేడు మామగారికి గుండెపోటు వచ్చింది. ఆస్పత్రిలో లిఫ్టు ఆర్నెల్లుగా పనిచేయడం లేదు. ఆయన్ని ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టి నాలుగంతస్తులు మోశారు. అత్తగారు ఆయన చెప్పులు పట్టుకుని వెనకే ఎక్కింది. పైకి చేరేసరికి ఆయన లేడు.

కోడలు ఆ సంగతి సీరియల్ రచయితకు చెప్పింది. అతను దాన్నే కథ చేశాడు. ఆస్పత్రిలో కొత్త లిఫ్టుకు రిబ్బను కత్తిరించడానికొచ్చిన పెద్ద ఆఫీసరును బోడిగాడు పట్టుకుంటాడు: “మా తాతని మోసినట్టు నిన్నూ మొయ్యాలా, దున్నపోతా?”

తీరా రికార్డింగు రోజున చూస్తే కాగితాల్లో ఆ మాట లేదు. ఆఫీసరే లేడు. చప్పుళ్లు మాత్రం మూడుండేవి తొమ్మిదయ్యాయి.

“జనానికి నచ్చేది అదే మేడమ్,” అన్నాడు కొత్త మేనేజరు. “పెద్దవాళ్లతో గొడవ మనకెందుకు?”

ఆవిడకు ఒళ్లు మండిపోయింది. “అది ఎవడి మొహాన వదలాలో వాణ్ని తీసేసి, నాకు ఉత్త గాలి మిగులుస్తారా? పద్దెనిమిదేళ్లూ నేను చేసింది గాలి పనేనా?”

“చదువుతారా, వేరేవాళ్లని పిలవమంటారా?”

ఆవిడ మైకు ముందు నిలబడి పాత మాటే చదివింది. గొంతు చీరుకుపోయేలా మళ్లీ చదివింది. మేనేజరు అవతలి గదిలోంచి అద్దం మీద బాదుతున్నా సౌండు ఇంజనీరు తల వంచుకుని రికార్డు చేస్తూనే ఉన్నాడు.

“అక్కా, ఇక వెళ్లు,” అన్నాడు ఇంజనీరు చివరికి.

రెండు వారాల తర్వాత ఎవరో కుర్ర గొంతుతో ఆ భాగం వచ్చింది. అత్తగారు టీవీ ముందునుంచి కదల్లేదు. ప్రతి చప్పుడుకీ కళ్లనీళ్లు వచ్చేలా నవ్వింది. వంటింటి గుమ్మంలో నిలబడ్డ ఆవిడకు ఆ నవ్వు వింటుంటే గిన్నె ఎత్తి టీవీకేసి కొట్టాలనిపించింది.

అయిపోయాక అత్తగారు ఇటు తిరిగింది. “లిఫ్టు సంగతి అడుగుతాడన్నావు కదమ్మాయ్?”

“అడగనివ్వలేదత్తయ్యా.”

ముసలావిడ మొహం నల్లబడింది. “మరి ఇంతసేపూ దేనికి నవ్వి చచ్చానే నేను?”

ఆవిడకు ఇప్పుడు వేరే స్టూడియోలో పని దొరికింది. సీరియల్లో ఏడ్చే తల్లి పాత్ర. మొదటి రోజే దర్శకుడు రికార్డింగు ఆపాడు, ఏడుపులో కోపం వినబడుతోందట.

“వినబడుతుంది,” అందావిడ. “కావాలంటే ఉంచుకోండి.”